ఏలూరు కాలువ గట్టున యూరప్ పేర్లు

ధవళేశ్వరం దగ్గర గోదావరికి ఆనకట్ట కట్టించిన ఆర్థర్ కాటన్ పేరులో దూది లేదు. ఇంగ్లీషులో దూదికీ ఆ దొర ఇంటిపేరుకూ పలుకు ఒకటే, అక్షరాలు ఒకటే, పుట్టుక మాత్రం వేరు. దూదికి పేరు అరబ్బీ నుంచి వచ్చింది. ఇంటిపేరుకు మూలం పాత ఇంగ్లీషులో ‘కాట్’ అనే మాట. కాట్ అంటే పాక, గుడిసె. నాలుగు పాకలున్న చోటు కాటన్, అక్కడి నుంచి వచ్చిన కుటుంబం కాటన్‌వారు. తెలుగులో అలాంటి చోటుకు సరిపోయే మాట గూడెం. 1847లో మొదలై 1852లో పూర్తయిన ఆనకట్ట నీళ్ళు విజ్జేశ్వరం నుంచి నిడదవోలు మీదుగా తాడేపల్లిగూడెం తాకి ఏలూరు చేరతాయి. గూడెం అని పేరున్న దొర తవ్వించిన కాలువ గూడెం పక్కనుంచే పారుతోందన్నమాట.

యూరప్ ఇంటిపేర్లు చాలావరకు ఇలాంటివే. వినడానికి కొత్తగా ఉంటాయి, విప్పి చూస్తే ఊరో, వాగో, తండ్రి పేరో, చేతిపనో, ఒంటి రంగో బయటపడుతుంది. అవి పుట్టి వెయ్యేళ్ళు కూడా కాలేదు. 1086లో ఇంగ్లండ్ రాజు విలియం భూములన్నీ లెక్క రాయించినప్పుడు చాలామందికి ఒక్క పేరే ఉండేది. పన్ను వసూలుకూ ఆస్తి పంపకానికీ ఆ ఒక్క పేరు చాలక, గుర్తు కోసం రెండో మాట తగిలించారు. ఊళ్ళో ముగ్గురు జాన్‌లుంటే ఒకడు వాగు పక్క జాన్, ఒకడు కమ్మరి జాన్, ఇంకొకడు విలియం కొడుకు జాన్. ఆ గుర్తు మాట కొడుకుకూ మనవడికీ దిగడం పదకొండో శతాబ్దం తర్వాత మొదలై, 1400 నాటికి ఇంగ్లండులో చాలావరకు స్థిరపడింది. హాలండులో పల్లెజనం కొందరు ఇంకా ఇంటిపేరు లేకుండానే ఉంటే, 1811లో నెపోలియన్ ఆజ్ఞ వేసి అందరి చేతా పేరు రాయించాడు. ఐస్‌లాండులో ఈనాటికీ ఎక్కువమందికి ఇంటిపేరు లేదు. తండ్రి పేరు చివర ‘కొడుకు’ అనో ‘కూతురు’ అనో చేర్చుకుంటారు, తరం మారితే ఆ మాటా మారుతుంది.

కొల్లేటి నాడు వాళ్ళకు ఈ పేర్లలో అన్నిటికన్నా తొందరగా అర్థమయ్యేవి నీటి పేర్లు. పదిహేడో శతాబ్దంలో మచిలీపట్నం, పాలకొల్లుల్లో బట్టల వ్యాపారం చేసిన డచ్చివారిది సరస్సులూ బురదనేలలూ గట్లూ నిండిన దేశం. వాళ్ళ ఇంటిపేర్లలోనూ అవే కనిపిస్తాయి. ‘వాన్ డెర్ మేర్’ అంటే సరస్సు దగ్గరి వాడు. ఆ మూడు ముక్కలు నలిగి ‘వెర్మీర్’ అయ్యాయి. ముత్యపు చెవిపోగు అమ్మాయి బొమ్మ గీసిన డెల్ఫ్ట్ చిత్రకారుడు యోహానెస్ వెర్మీర్ (1632–1675) ఇంటిపేరు అదే. తెలుగులో ఆ అర్థానికి సరిగ్గా సరిపోయే ఇంటిపేరు ఒకటుంది: కొల్లేటి. ‘వాన్ డైక్’ అంటే గట్టు మీది వాడు. సముద్రాన్ని గట్లు పోసి ఆపిన దేశంలో ఆ పేరున్న కుటుంబాలు వేలల్లో ఉండటం సహజం. చేపల చెరువుల కోసం పోసిన గట్లను 2006లో ప్రభుత్వమే కొట్టించిన కొల్లేటిలో గట్టంటే ఏమిటో వేరే చెప్పక్కర్లేదు. ‘విస్సెర్’ అంటే చేపలు పట్టేవాడు.

జర్మన్ సంగీతకారుడు బాఖ్ ఇంటిపేరుకు అర్థం వాగు. తమ్మిలేరు, బుడమేరు, ఉప్పుటేరుల్లో ఉన్న ‘ఏరు’ లాంటిదే అది. ఇంగ్లీషు ‘ఫోర్డ్’ అంటే ఏరు దాటే చోటు, కాలినడకన దిగి అవతలికి పోయే రేవు. కార్ల కంపెనీకి ఆ పేరు పెట్టిన ఆయన పూర్వీకులెవరో రేవు పక్కన ఉండేవారు. అన్నిటికన్నా ముచ్చటైనది హోమ్స్. పాత నార్వే భాషలో ‘హోల్మ్ర్’ అంటే నీళ్ళ మధ్య, బురద మధ్య పైకి తేలిన నేల. కొల్లేటిలో దాన్ని లంక అంటారు, గుడివాకలంకలో ఉన్న లంక. షెర్లాక్ అంటే తెల్లని జుట్టు కలవాడు. కాబట్టి తెలుగు డిటెక్టివ్ నవలలకు పెద్దన్న లాంటి షెర్లాక్ హోమ్స్‌ను తెలుగులోకి తెస్తే లంకా తెల్లజుట్టు గారవుతాడు.

ఊరిని ఇంటిపేరుగా మార్చే పద్ధతిలో మాత్రం ఒక్కో భాషది ఒక్కో దారి. డచ్చివారు ‘వాన్’ అని, జర్మన్లు ‘ఫాన్’ అని, ఫ్రెంచివారు ‘ద’ అని, ఇటలీవారు ‘ద’ అనో ‘ది’ అనో ముందొక మాట పెడతారు. లియొనార్డో ద వించీ అంటే వించీ ఊరి లియొనార్డో. రష్యన్లు, పోలండువారు చివర ‘స్కీ’ చేరుస్తారు. దోస్తోయెవో అనే ఊరి మీద హక్కున్న వంశం దోస్తోయెవ్‌స్కీ అయింది. తెలుగుకు ముందు మాటా అక్కర్లేదు, వెనక తోకా అక్కర్లేదు. ఊరి పేరు చివరి అక్షరం ఒక్కటి మెత్తబడితే చాలు. కొల్లేరు కొల్లేటి అవుతుంది, దెందులూరు దెందులూరి అవుతుంది, ఉంగుటూరు ఉంగుటూరి, వట్లూరు వట్లూరి. పాడు చివరనున్న ఊళ్ళు పాటిగా మారతాయి. కాళ్ళ మండలంలో ఏలూరుపాడు ఉంది. భద్రాచలం సీతారాముల కల్యాణ వ్యాఖ్యానంతో రేడియో వినేవాళ్ళందరికీ తెలిసిన ఏలూరిపాటి అనంతరామయ్య ఇంటిపేరు ఆ అచ్చులో పోసినదే. కొన్ని ఊళ్ళు ఆ మార్పు కూడా లేకుండా ఇంటిపేర్లయ్యాయి. దెందులూరు మండలంలో కొవ్వలి ఊరుంది, వందల నవలలు రాసిన కొవ్వలి లక్ష్మీనరసింహరావు ఇంటిపేరులోనూ కొవ్వలి ఉంది. వ్యాకరణం చెప్పే ఔపవిభక్తికాలను బళ్ళో బట్టీ పట్టలేక అవస్థపడే పిల్లలు కూడా ఇంటిపేరు పలికిన ప్రతిసారీ వాటిని తప్పు లేకుండా వాడుతుంటారు.

చేతిపనుల దగ్గర తెలుగుకూ యూరప్‌కూ దారి విడిపోతుంది. ఇంగ్లండులో అన్నిటికన్నా ఎక్కువగా కనిపించే ఇంటిపేరు స్మిత్, అంటే కమ్మరి. జర్మనీలో ష్మిట్, ఫ్రాన్సులో లెఫెవ్ర్, హంగరీలో కోవాచ్, పోలండులో కొవాల్‌స్కీ, ఇటలీలో ఫెరారీ, అందరూ కమ్మరులే. పందేల కార్లు చేసే ఫెరారీకి ఇనుప పని పేరులోనే ఉంది. ఊరికి కమ్మరి ఒకడే ఉండేవాడు కాబట్టి ‘కమ్మరి జాన్’ అంటే ఏ జాన్ అన్న సందేహం ఉండేది కాదు. ఆ గుర్తే వంశానికి అంటుకుంది, తర్వాతి తరాలు సుత్తి వదిలేసినా పేరు వదల్లేదు. తెలుగునాట పనిని చెప్పే బాధ్యత కులం పేరు మీద పడింది. కమ్మరి, కుమ్మరి, సాలె అన్న మాటలు కులాలుగా స్థిరపడటంతో ఇంటిపేరు ఆ పని చేయాల్సిన అవసరం రాలేదు, అది ఊరిని చూపించే పనికి మిగిలింది. ఒకే ఇంటిపేరు నాలుగు కులాల్లో కనిపించడానికి కారణం ఇదే. ఒకే ఊరి నుంచి నలుగురూ కదిలారు, ఊరి పేరును నలుగురూ వెంట తెచ్చుకున్నారు. ఇంటిపేరు వినగానే కులం చెప్పేస్తామనుకునేవాళ్ళు తరచూ పొరబడేది ఇక్కడే.

తండ్రి పేరును ఇంటిపేరు చేసుకోవడం యూరప్‌లో బాగా పండిన పద్ధతి. ఇంగ్లీషులో జాన్సన్, వేల్స్ జనంలో జోన్స్, డెన్మార్కులో హాన్సెన్, డచ్చిలో యాన్సెన్, రష్యాలో ఇవనోవ్, వీళ్ళందరి మూలపురుషుడూ ఒక జానే. స్కాట్లండులో ‘మాక్’ అంటే కొడుకు. కైఫీయత్తులు సేకరించి తెలుగు ఊళ్ళ చరిత్రను కాపాడిన కాలిన్ మెకంజీ ఇంటిపేరుకు అర్థం కాయిన్యాఖ్ కొడుకు, ఆ కాయిన్యాఖ్ అంటే అందగాడు. తెలుగులో దీనికి దగ్గరగా వచ్చేది ‘నేని’. సామినేని, వీరమాచినేని లాంటి పేర్లలో ముందు భాగం మూలపురుషుడి పేరు, ‘నేని’ అన్నది నాయని అనే మాట అరిగిన రూపం. ఫలానా నాయుడి వారన్నమాట.

ఎగతాళి పేర్ల విషయంలో తెలుగునాటికీ యూరప్‌కూ తేడా లేదు. క్రైస్తవ మత ప్రచారానికి 1841లో మచిలీపట్నంలో దిగిన ఇద్దరు చర్చి మిషనరీ సొసైటీ పాదిరీల్లో ఒకరు రాబర్ట్ నోబుల్, ఇంకొకరు హెన్రీ ఫాక్స్. ఆ సంఘమే తర్వాత ఏలూరులో బడి పెట్టింది. నోబుల్ పేరు మచిలీపట్నం కాలేజీ మీద నిలిచింది, ఫాక్స్ ఎక్కువకాలం బతకలేదు. ఫాక్స్ అంటే నక్క. జిత్తులమారి అనో ఎర్రజుట్టువాడనో ఎవరో పెట్టిన పేరు వంశానికి అంటుకుంది. తెలుగులో నక్కా వారున్నారు, పిల్లి వారున్నారు, కాకి వారున్నారు. నిఘంటువు బ్రౌన్ ఇంటిపేరు రంగు పేరు, జుట్టో ఒంటి ఛాయో గోధుమ రంగులో ఉన్నవాడికి పెట్టినది. నల్లా, ఎర్రా అనే ఇంటిపేర్లు ఇక్కడా ఉన్నాయి. ఇటలీలో అతి సాధారణమైన రోస్సీ అంటే ఎర్రనివాళ్ళు. ఇంగ్లీషు రీడ్‌ను చూసి తుంగ, రెల్లు అనుకుంటే తప్పు, అదీ ఎర్రజుట్టు పేరే. జర్మన్ క్లైన్, ఫ్రెంచి పెటీ అంటే చిన్నవాడు, పొట్టివాడు. తెలుగువారికి రాష్ట్రం తెచ్చిన అమరజీవి ఇంటిపేరు పొట్టి.

1836లో ఇంగ్లండు డెవన్ సీమ నుంచి ఆంథోనీ నారిస్ గ్రోవ్స్ వెంట వచ్చిన విలియం బౌడెన్, జార్జ్ బీర్ పాలకొల్లు, నరసాపురాల్లో కాపురం పెట్టి గోదావరి డెల్టా మిషన్ మొదలుపెట్టారు. బీర్ అనగానే ఈ కాలం వాళ్ళకు సీసా గుర్తొస్తుంది. డెవన్‌లో ఆ మాటకు మూలం తోపు అని అర్థమున్న పాత ఇంగ్లీషు పదం. గ్రోవ్స్ అన్నా తోపే. నారిస్ అంటే ఉత్తరాదివాడు. బౌడెన్‌ను విల్లులా వంగిన కొండగా వివరిస్తారు. జార్జ్ గ్రీకు మాట, భూమిలో పనిచేసేవాడు అంటే రైతు. రైతు పేరున్న పాదిరి వరి డెల్టాకు రావడం ఒట్టి యాదృచ్ఛికమే గానీ, వినడానికి బాగుంటుంది.

సొంత పేర్ల కథ వేరు. యూరప్ జనం పెట్టుకునే పేర్లలో నిజంగా యూరప్‌లో పుట్టినవి ఒక భాగమే. పాత జర్మన్ తెగల పేర్లు రెండేసి ముక్కలతో ఉంటాయి. రాబర్ట్ అంటే కీర్తితో వెలిగేవాడు, హెన్రీ ఇంటిని ఏలేవాడు, విలియం సంకల్పమే శిరస్త్రాణమైనవాడు, ఫ్రెడరిక్ శాంతితో ఏలేవాడు. యుద్ధం, కీర్తి, ఏలుబడి లాంటి నాలుగైదు మాటలనే అటూ ఇటూ కలిపి వందల పేర్లు చేశారు. జయసింహ, విష్ణువర్ధన అంటూ వేంగిని ఏలిన చాళుక్యుల పేర్లను పెదవేగి దిబ్బల పక్కన నిలబడి తలుచుకుంటే ఆ పద్ధతి కొత్తగా అనిపించదు. గ్రీకు పేర్లు ఇంకా దగ్గరివి. ఫిలిప్ గుర్రాలంటే ఇష్టపడేవాడు, థియోడోర్ దేవుడిచ్చినవాడు, అంటే దేవదత్తుడు. అవే రెండు ముక్కలను తిరగేస్తే ఆడపిల్ల డోరతీ. స్తెఫాను కిరీటం. మార్గరెట్ అంటే ముత్యం, గ్రామదేవతల్లో ముత్యాలమ్మ. లాటిన్ నుంచి విక్టర్ విజేత, లూసీ వెలుగు, పాల్ చిన్నవాడు. యుద్ధదేవత మార్స్ పేరు నుంచి మార్టిన్.

వీటన్నిటినీ దాటి యూరప్ అంతా పరుచుకున్నవి మాత్రం హీబ్రూ పేర్లు. అవి ఆసియా నుంచి బైబిలుతో పాటు వెళ్ళినవి. జాన్ మూలరూపం యోహానాన్, దేవుడు దయ చూపాడు అని అర్థం. అదే ఫ్రాన్సులో జాఁ, స్పెయిన్లో హువాన్, ఇటలీలో జొవాన్నీ, రష్యాలో ఇవాన్, ఐర్లండులో షాన్, జర్మనీలో హాన్స్. జేమ్స్, జాకబ్ ఒకే పేరన్న సంగతి ఇంగ్లీషు వాళ్ళకే సరిగా గుర్తుండదు. జాషువా అన్నా జీసస్ అన్నా మూలం ఒకటే, యెహోవా రక్షణ. గుర్రం జాషువా పేరులో ముందు మాట తెలుగు జంతువు, వెనక మాట హీబ్రూ ప్రార్థన.

ఆసియాలో పుట్టి యూరప్ చుట్టి వచ్చిన ఈ పేర్లు తెలుగునాట ఒక్క దారిలో దిగలేదు. తెలుగు బైబిలు దారిలో వచ్చినవాళ్ళు యోహాను, పేతురు, పౌలు, యాకోబు, మరియమ్మ. ఇంగ్లీషు బళ్ళ దారిలో వచ్చినవాళ్ళు జాన్, పీటర్, పాల్, జేమ్స్, మేరీ. ఒకే ఇంట్లో తాత యోహాను, మనవడు జాన్ కావడం ఏలూరు పేటల్లో మామూలు. కతోలిక సంఘానిది మూడో దారి, అది తమిళదేశం మీదుగా వచ్చింది. అక్కడ జ్ఞానస్నానం ఇచ్చిన పాదిరీలు కొన్ని పేర్లకు శబ్దాన్ని వదిలి అర్థాన్ని పట్టుకున్నారు. అరమాయిక్‌లో కేఫా, గ్రీకులో పెత్రోస్, రెంటికీ అర్థం రాయి. రాయప్ప అన్న పేరుకూ ఆ రాయే మూలమని చెబుతారు, తెలుగు చెవికి ఆ సంగతి ఎవరూ విప్పి చెప్పక్కర్లేదు. పౌలు చిన్నవాడు కాబట్టి చిన్నప్ప. యోహాను దేవుడి దయ కాబట్టి అరుళప్ప, అరుళ్ అంటే తమిళంలో కృప. హైదరాబాదు అగ్రపీఠాధిపతిగా చాలాకాలం ఉన్న సామినేని అరుళప్ప పేరును విప్పితే తెలుగు నాయకుడి వంశం, తమిళ మాట, హీబ్రూ అర్థం, మూడూ దొరుకుతాయి. యూరప్ భాషల్లో ఫ్రెంచి పియేర్ ఒక్కటే మనిషి పేరుకూ రాయికీ ఒకే మాటగా ఇంత తేటగా నిలిచింది. ఇంగ్లీషులో పీటర్ అన్న పేరులో రాయి ఎవరికీ వినిపించదు. ఈ ఒక్క విషయంలో తెలుగు కతోలిక పల్లె లండన్ కన్నా పేరు అర్థాన్ని బాగా కాపాడింది.

శబ్దం పట్టుకుని వచ్చినవీ ఉన్నాయి. ఇగ్నేషియస్ ఇన్నాసి అయి, ఇన్నయ్య, ఇన్నారెడ్డి అయ్యాడు. లాటిన్‌లో నిప్పుకున్న ఇగ్నిస్ అనే మాటతో దానికి చుట్టరికం కలుపుతారు, సంస్కృతపు అగ్ని ఆ మాటకు సోదరి. జోసెఫ్ జోజి, జోజయ్య, జోజమ్మ. ఫ్రాన్సిస్ జేవియర్‌ది ఇంకా దూర ప్రయాణం. జేవియర్ నిజానికి మనిషి పేరు కాదు, స్పెయిన్ ఉత్తరాన నవార్ సీమలో ఆయన పుట్టిన కోట పేరు. బాస్క్ భాషలో ఎచెబెర్రి అంటే కొత్త ఇల్లు. ఊరు ఇంటిపేరై, ఇంటిపేరు పునీతుడి పేరై, ఆ పేరు తమిళం మీదుగా తెలుగులోకి వచ్చేసరికి శౌరి అయింది. శౌరి అంటే సంస్కృతంలో శూరుడి వంశంవాడు, కృష్ణుడు. బాలశౌరి, శౌరయ్య, శౌరమ్మ అనే పేర్లు వింటే బాస్క్ ఇల్లు ఎవరికీ తట్టదు. ఊరి పేరు నేరుగా మనిషి పేరైనది లూర్దు. 1858లో ఫ్రాన్సు లూర్దులో మరియమాత దర్శనాల తర్వాత ఆ పేరు దేశాలు దాటింది. గుణదల మేరీమాత తిరునాళ్ళకు వెళ్ళివచ్చే ఇళ్ళలో లూర్దయ్యలు, లూర్దమ్మలు పుట్టారు.

ప్రొటెస్టెంటు ఇళ్ళలో దీనికి తిరుగు పద్ధతి కనిపిస్తుంది. అక్కడ దొరల ఇంటిపేరుతో సహా మొత్తం పేరును బిడ్డకు పెట్టేస్తారు. జాన్ వెస్లీ, మార్టిన్ లూథర్ అన్నవి ఒక్కొక్కటి ఒకే పేరు, వాటి ముందు తెలుగు ఇంటిపేరు వేరే ఉంటుంది. వెస్లీ అంటే పడమట అడవి కొట్టి చదును చేసిన నేల. లూథర్ మొదట లూడర్ అని రాసుకునేవాడు, గ్రీకులో స్వేచ్ఛకున్న మాట ధ్వనించేలా 1517 ప్రాంతంలో అక్షరం మార్చుకున్నాడు. మత సంబంధం లేకుండానే దొర పేరు తెలుగు పేరైన సందర్భం రాయలసీమది. కలెక్టరుగా, తర్వాత గవర్నరుగా పేరు తెచ్చుకున్న థామస్ మన్రో మీద అభిమానంతో అక్కడి పల్లెల్లో పిల్లలకు మన్రోలప్ప అని పెట్టుకున్నారు. దొరల పేర్లు వద్దనుకున్నవాళ్ళు అర్థాన్నే తెలుగు చేసుకున్నారు. సువార్తమ్మ పేరు ఇంగ్లీషులో ఇవాంజెలిన్, కృప గ్రేస్, దేవదానం థియోడోర్‌కు చుట్టం.

పేరు రాసే వరుస దగ్గర మాత్రం తెలుగువాళ్ళు యూరప్‌తో విభేదిస్తారు. ఇంటిపేరు ముందు, సొంత పేరు వెనక. యూరప్‌లో ఇలా రాసేది ముఖ్యంగా హంగరీవాళ్ళు. సంగీతకారుడు బేలా బార్తోక్ సొంత దేశంలో బార్తోక్ బేలా. అమెరికా వెళ్ళిన తెలుగువాళ్ళు వరుస తిప్పి ఇంటిపేరును చివరకు పంపేశారు, నాదెళ్ళ సత్యనారాయణ అక్కడ సత్య నాదెళ్ళ. పెళ్ళయిన ఆడపిల్ల ఇంటిపేరు మారడం తెలుగునాటా ఇంగ్లండులోనూ ఉంది. స్పెయిన్లో మారదు, పిల్లలకు తండ్రిదీ తల్లిదీ రెండు ఇంటిపేర్లూ వస్తాయి.

మళ్ళీ ఏలూరుకు వస్తే, ఇక్కడి కతోలిక మేత్రాసనం 1976లో ఏర్పడింది. దానికి మొదటి మేత్రాణులు ములగాడ జాన్. అంతకు ఇరవై ఏళ్ళకు పైగా ముందే, 1953లో, ఏలూరులో ఆడపిల్లలకు సెయింట్ థెరిసా కాలేజీ వచ్చింది. థెరిసా అన్న మాట ఎక్కడిదన్న దాని మీద రెండు వాదాలున్నాయి. గ్రీకులో పంట కోయడం అనే అర్థమున్న మాట నుంచి వచ్చిందని కొందరంటారు, థేరా అనే లంక పేరు నుంచి వచ్చిందని మరికొందరంటారు. రెంటిలో ఏది సరైనదో పండితులు ఇంకా తేల్చలేదు.